ముఖం తెలుసు, పేరు తెలీదు: ఒక క్యారెక్టర్ ఆర్టిస్టు సినిమాల చిట్టా తయారు చేయడం ఎలా

మాయాబజార్‌లో ఘటోత్కచుడు ఎవరంటే చిన్నపిల్లలు కూడా ఎస్వీ రంగారావు అనేస్తారు. శశిరేఖ అంటే సావిత్రి, కృష్ణుడంటే రామారావు, ఆలోచించక్కర్లేదు. మరి సుభద్ర ఎవరు? మా చుట్టాల పెళ్ళిలో ఓ పదిమందిని ఇదే అడిగాను. అందరూ ఆ సినిమాని ఐదారుసార్లు చూసినవాళ్ళే. ఒక్క పెద్దావిడ మాత్రం "ఋష్యేంద్రమణి కదూ, మల్లీశ్వరిలో భానుమతి తల్లి కూడా ఆవిడే" అని రెండు సినిమాలు కలిపి చెప్పింది. మిగతా తొమ్మిదిమందికీ ముఖం గుర్తుంది, గొంతు గుర్తుంది, పేరు మాత్రం రాలేదు.

ఇలాంటి నటులు మనకి వందల్లో ఉన్నారు. హీరో తల్లి, హీరోయిన్ మేనత్త, పక్కింటి పిన్నిగారు, ఇప్పుడైతే సీరియల్లో అత్తగారి తోడికోడలు. వాళ్ళ గురించి వెతికితే రెండు లైన్లు కనిపిస్తాయి, అవి కూడా ఒకళ్ళని చూసి ఒకళ్ళు ఎత్తిరాసినవి. "వందలాది చిత్రాల్లో నటించారు" అని ఉంటుంది కానీ ఆ వందల్లో పాతిక పేర్లు కూడా ఉండవు. నేను కొన్నేళ్ళుగా ఖాళీ దొరికినప్పుడల్లా ఇలాంటి వాళ్ళ చిట్టాలు రాస్తున్నాను, మీలో ఎవరికైనా ఆ పని చేయాలనుంటే ఎక్కడ మొదలుపెట్టాలో, ఎక్కడ తప్పు జరుగుతుందో చెప్తాను. డబ్బు పెద్దగా అక్కర్లేదు, ఓపిక కావాలి.

ముందు ఒక్కరినే ఎంచుకోండి. "పాతతరం సహాయ నటులందరూ" అని మొదలుపెడితే నెలలో వదిలేస్తారు. మీకు నిజంగా ఇష్టమైన మనిషి అయ్యుండాలి, ఎందుకంటే ఆవిడ రెండు నిమిషాలు కనిపించే సినిమా కోసం మీరు రెండున్నర గంటలు కూర్చోవాల్సి వస్తుంది. తర్వాత ఒక లాంగ్ నోట్‌బుక్ కొనండి. కంప్యూటర్లో ఎక్సెల్ షీట్ తర్వాత చేసుకోవచ్చు, మొదట కాగితమే మంచిది. గళ్ళు ఇలా గీసుకోండి: సంవత్సరం, సినిమా, దర్శకుడు, పాత్ర పేరు, ఆ పాత్ర ఎవరికి ఏమవుతుంది, ఎన్నో నిమిషంలో కనిపించింది, నాకు ఎలా తెలిసింది. ఈ ఆఖరి గడే ప్రాణం. నా పద్ధతి ఏంటంటే, ఎవరో చెప్పింది, ఎక్కడో చదివింది పెన్సిల్‌తో రాస్తాను. నా కళ్ళతో తెర మీద చూసినదాన్ని పెన్నుతో దిద్దుతాను. పుస్తకం తెరవగానే ఏది రూఢి, ఏది కాదు అన్నది రంగులోనే తెలిసిపోతుంది.

ఇప్పుడు పేరు సంగతి, దీని దగ్గరే ఎక్కువమంది దెబ్బతింటారు. ఋష్యేంద్రమణి అనే పేరు ఋ తో రాస్తారు, రుతో రాస్తారు, ఇంగ్లీషులో అయితే ఎన్ని రకాలుగా రాస్తారో లెక్కలేదు. అన్ని స్పెల్లింగులూ నోట్‌బుక్ మొదటి పేజీలో రాసుకుని అన్నిటితోనూ వెతకాలి. ఇంకో చిక్కు, ఒకే పేరుతో ఇద్దరు ముగ్గురు ఉండటం. ఛాయాదేవి అని వెతికితే మాయాబజార్‌లో రేవతి వేసిన నటి వస్తారు, బెంగాలీ నటి ఛాయాదేవి వస్తారు, మన కథారచయిత్రి అబ్బూరి ఛాయాదేవి గారూ వస్తారు. ఈ ముగ్గురి ఫోటోలూ వివరాలూ కలిపేసిన పోస్టులు నేనే చూశాను. జానకి అన్నా అంతే. షావుకారు జానకి వేరు, డబ్బింగ్ జానకి వేరు, గాయని ఎస్. జానకి వేరు. శ్యామల అంటే పావలా శ్యామల, కాకినాడ శ్యామల ఇద్దరున్నారు.

అసలు పేరుకి ముందు తగిలించిన ఆ మాటే మీకు మొదటి ఆధారం, దాన్ని వదలకండి. షావుకారు అనేది 1950లో వచ్చిన సినిమా పేరు, జానకి గారు అందులో నటించాక అదే ఇంటిపేరులా అయిపోయింది. డబ్బింగ్ అని ఉందంటే ఆవిడ ముఖమే కాదు, గొంతు కూడా పనిచేసిందని అర్థం. సురభి అని ఉంటే అది 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో మొదలైన నాటక సమాజం, సినిమాకి ముందు నాటకాల చరిత్ర కూడా వెతకాలని అది చెప్తోంది. మన మొదటి టాకీ భక్త ప్రహ్లాదలో లీలావతి వేసిన సురభి కమలాబాయి కూడా ఆ కుదురు నుంచి వచ్చినవారే. తెలంగాణ శకుంతల గారి పేరులో ప్రాంతం ఉంది కానీ ఆవిడ పుట్టింది మహారాష్ట్రలో. అంటే పేరు దారి చూపిస్తుంది తప్ప రుజువు కాదు.

ఇక సినిమాలు. టైటిల్స్‌తో మొదలుపెట్టండి. పాత సినిమాల్లో నటుల పేర్లు గుంపుగా ఒక్క కార్డు మీద వేసేవాళ్ళు, పక్కన పాత్ర పేరు ఉండదు, మూడు సెకన్లలో వెళ్ళిపోతుంది. యూట్యూబ్‌లో చూస్తుంటే కంప్యూటర్ మీద చూడండి, వీడియో ఆపి కీబోర్డు మీద ఫుల్‌స్టాప్ నొక్కితే ఒక్కో ఫ్రేమ్ ముందుకు, కామా నొక్కితే వెనక్కి వెళ్తుంది. చాలా అప్‌లోడ్లలో టైటిల్స్ కోసేస్తారు, లేదా పాత చదరపు బొమ్మని వెడల్పు తెరకి సాగదీసి పైనా కిందా నరికేస్తారు, సరిగ్గా మనకి కావాల్సిన పేరు ఆ నరికిన చోట ఉంటుంది. కంపెనీ లోగో అడ్డొచ్చిన సందర్భాలూ ఉన్నాయి. అందుకని ఒకే సినిమా రెండు మూడు చోట్ల వెతికి, అన్నిటిలోకి పాత కాపీ, పొడుగు ఎక్కువున్న కాపీ తీసుకోండి.

సెన్సార్ సర్టిఫికెట్ కనిపిస్తే అది కూడా రాసుకోండి. కానీ దాని మీద తేదీ, విడుదల తేదీ ఒకటి కాదు. డిసెంబరు ఆఖర్లో సెన్సారై సంక్రాంతికి వచ్చిన సినిమాలు బోలెడు, ఒక చోట ఒక సంవత్సరం, ఇంకో చోట ఇంకోటి కనిపించి మీకు టెన్షన్ పుడుతుంది. రెండూ రాసుకోండి, విడుదల సంవత్సరాన్నే చిట్టాలో పెట్టండి.

ఒకే పేరుతో వచ్చిన సినిమాల దగ్గర మరీ జాగ్రత్త. ఋష్యేంద్రమణి గారు శ్రీకృష్ణ తులాభారంలో సత్యభామ వేశారు, అది 1935 నాటిది. అదే పేరుతో 1966లో రామారావు, జమునలతో వచ్చింది, జనం ఎక్కువగా చూసింది అదే. సంవత్సరం రాయకుండా "శ్రీకృష్ణ తులాభారంలో సత్యభామ" అని రాస్తే చదివినవాళ్ళు తప్పనుకుని జమున పేరు పెట్టి దిద్దేస్తారు. మాయాబజార్ కథ కూడా 1936లోనే శశిరేఖా పరిణయంగా ఒకసారి వచ్చింది. పైగా 1957 మాయాబజార్ తెలుగులో, తమిళంలో విడివిడిగా తీశారు, తమిళంలో అభిమన్యుడు నాగేశ్వరరావు కాదు, జెమినీ గణేశన్. ఇలా రెండు భాషల్లో తీసినవాటికి ఒక్కోదానికి ఒక్కో లైను ఇవ్వాలి, ఒకదాన్లో ఉన్నారని రెండోదాంట్లో కూడా ఉన్నారనుకోకూడదు, చూసి రాయాలి. తమిళం నుంచి తెలుగులోకి డబ్ అయినవి మళ్ళీ వేరే.

టైటిల్స్ తర్వాత పాటల పుస్తకాలు. ఇప్పటివాళ్ళకి తెలీకపోవచ్చు, ఒకప్పుడు సినిమా హాలు బయట అణాకో రెండణాలకో అమ్మేవాళ్ళు. పలచటి కాగితం, లోపల పాత్రలు–పాత్రధారులు అని పట్టిక, సగం దాకా కథ, "మిగిలిన కథ వెండితెరపై చూడండి" అన్న మాట, తర్వాత పాటలు. పాత్ర పేరు, నటి పేరు పక్కపక్కన దొరికేది ఇందులోనే, అందుకే నాకు ఇవంటే ప్రాణం. స్కాన్ చేసినవి ఆన్‌లైన్‌లో చాలా ఉన్నాయి. అసలు కాగితం చేత్తో పట్టుకోవాలంటే హైదరాబాద్ ఆబిడ్స్‌లో ఆదివారం పాత పుస్తకాల దగ్గర, విజయవాడ లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాల షాపుల్లో అడగండి. ఒకటే జాగ్రత్త, పుస్తకం సినిమా విడుదలకి ముందే అచ్చయ్యేది. ఆ తర్వాత కత్తిరింపుల్లో మన నటి సీను పోయి ఉండొచ్చు. కాబట్టి పాటల పుస్తకంలో ఉన్నదీ పెన్సిలే.

పత్రికల్లో రూపవాణి, సినిమా రంగం, విజయచిత్ర, జ్యోతిచిత్ర, సితార వెతకండి. హీరోయిన్ల ఇంటర్వ్యూలు కాదు, షూటింగ్ విశేషాలు రాసే చిన్న పేరాలు చూడండి, "ఇతర పాత్రల్లో" అన్న మాట తర్వాత వచ్చే పేర్లే మనకి కావాల్సినవి. పాఠకుల ప్రశ్నలు–జవాబులు కూడా వదలొద్దు. "ఫలానా సినిమాలో తల్లి వేషం ఎవరిది?" అని అప్పట్లోనే ఎవరో మనలాంటి మనిషి పోస్టుకార్డు రాసి ఉంటాడు, దానికి ఒక్క లైను జవాబు ఉంటుంది. ఆంధ్రపత్రిక లాంటి పాత దినపత్రికలు ఆంధ్రప్రదేశ్ ప్రెస్ అకాడమీ వాళ్ళు స్కాన్ చేసి ఆన్‌లైన్‌లో పెట్టారు. సైట్ ఒక్కోసారి తెరుచుకోదు, దొరికినప్పుడే పేజీ దాచుకోండి. నేరుగా వెళ్ళగలిగితే వేటపాలెం సారస్వత నికేతనం, హైదరాబాద్ బాగ్‌లింగంపల్లిలో సుందరయ్య విజ్ఞాన కేంద్రం, ఈ రెండు లైబ్రరీలకీ వెళ్ళండి. పత్రిక పేరు, తేదీ, పేజీ నంబరు మూడూ అక్కడే రాసేయాలి, ఇంటికొచ్చాక గుర్తు రావు.

రేడియో మర్చిపోకండి. ఆకాశవాణి విజయవాడ కేంద్రం 1948లో మొదలైంది, చాలామంది నటులు రేడియో నాటకాల్లో గొంతిచ్చినవాళ్ళే. ఆకాశవాణి వాళ్ళ వాణి పత్రికలో కార్యక్రమాల వివరాలు వేసేవాళ్ళు. అలాగే డబ్బింగ్ పని. తెర మీద కనిపించే ముఖానిది ఒక పేరు, వినిపించే గొంతుది ఇంకో పేరు అయ్యుండొచ్చు. నోట్‌బుక్‌లో గొంతుకి వేరే పేజీలు పెట్టండి. మన నటికి వేరేవాళ్ళు చెప్పారా, మన నటి వేరేవాళ్ళకి చెప్పారా, రెండూ రాయాలి. 1983 సాగర సంగమంలో కమల్ హాసన్ తల్లిగా డబ్బింగ్ జానకి గారు చేసిన పాత్ర అందరికీ గుర్తుంటుంది, ఆవిడ గొంతు పనిచేసిన సినిమాలు మాత్రం ఎవరి లెక్కలోనూ సరిగ్గా లేవు.

టీవీ మొదలయ్యాక పని తేలికవ్వాలి కదా అనిపిస్తుంది, కానీ నిజానికి అదే కష్టం. హైదరాబాద్ దూరదర్శన్ 1977లో వచ్చింది, ఈటీవీ, జెమినీ 1995లో. తొలినాటి సీరియల్స్ చాలావాటికి వీడియోలు దొరకవు, అందుకని ఆ రోజుల పేపర్లలో దూరదర్శన్ కార్యక్రమాల పట్టిక, ఆదివారం అనుబంధాల్లో టీవీ పేజీ చూడాలి. ఇప్పటి డైలీ సీరియల్స్‌కి ఎపిసోడ్లు ఈటీవీ విన్, జీ5, సన్ నెక్స్ట్ లాంటి యాప్‌లలో ఉన్నాయి కానీ వెయ్యి ఎపిసోడ్లలో మన నటి ఏ ఎపిసోడ్లో వచ్చారో ఎక్కడా రాయరు. పైగా మధ్యలో నటులు మారిపోతారు, పాత్ర పేరు అదే ఉంటుంది, ఒక సోమవారం నుంచి మనిషి వేరు. దీనికి నా చిట్కా: మొదటి ఎపిసోడ్, తర్వాత ప్రతి యాభయ్యో ఎపిసోడ్ తెరిచి చూస్తూ వెళ్ళండి, మనిషి మారినట్టు కనిపిస్తే అక్కడి నుంచి ఐదేసి ఎపిసోడ్లు వెనక్కి రండి. ఒక సీరియల్‌కి ఓ సాయంత్రం పడుతుంది. చిట్టాలో సీరియల్ ఒక్క లైనే, కానీ ఏ ఎపిసోడ్ నుంచి ఏ ఎపిసోడ్ దాకా అనేది ఉండాలి. ప్రభుత్వం టీవీ నందులు ఇచ్చిన సంవత్సరాల్లో ఆ అవార్డుల జాబితా కూడా చూడండి, అందులో పేరు సాధారణంగా పూర్తిగా ఉంటుంది.

ఇప్పుడు అసలు పని. పేర్లూ సంవత్సరాలూ కూడబెట్టాక చాలామంది ఆపేస్తారు, కానీ ఆవిడ ఏం చేశారో రాయకపోతే అది రేషన్ కార్డుల జాబితాలా ఉంటుంది. ప్రతి సినిమాకీ కనీసం మూడు వాక్యాలు రాయండి: ఏ సీనులో, ఏం చేశారు, మీకు ఏం పట్టుకుంది.

మాయాబజార్‌నే తీసుకోండి. అన్నగారు బలరాముడు శశిరేఖని అభిమన్యుడికి ఇస్తానని మాటిచ్చాడు, పాండవుల సిరి పోయాక ఆ మాట తప్పిపోయింది. పుట్టింట్లో జరిగిన అవమానం దిగమింగుకుని సుభద్ర కొడుకుని తీసుకుని బయల్దేరుతుంది. అడవిలో ఘటోత్కచుడు అడ్డుపడతాడు, అభిమన్యుడు స్పృహ తప్పి పడిపోతాడు, అప్పుడు సుభద్ర తనే విల్లు అందుకుంటుంది. ఈ సీను ఒకసారి ఋష్యేంద్రమణి గారినే చూస్తూ చూడండి. మనందరి కళ్ళూ అలవాటుగా రంగారావు గారి మీదకే పోతాయి, అంత పెద్ద నటుడు మరి. కానీ ఎదుట అర్జునుడి భార్య నిలబడిందని మనకి నమ్మకం కలగకపోతే, ఆ తర్వాత అతను ఆవిడని పిన్నమ్మగా తెలుసుకుని వంగడంలో బరువేముంది? ఆ బరువు తెచ్చింది ఈవిడ నిలబడిన తీరు.

ఇప్పుడు వెనక్కి వెళ్ళి 1951 మల్లీశ్వరి పెట్టండి. అదే మనిషి నాగమ్మ, కూతురు రాణివాసానికి వెళ్తే తమ బతుకు మారుతుందని ఆశపడే తల్లి. 1954 విప్రనారాయణలో రంగసాని, కూతురు దేవదేవి మనసు ఎటు పోయినా తన లెక్క ధనం మీదే. సుభద్ర, నాగమ్మ, రంగసాని ముగ్గురూ తల్లులే. ఒకరు మాట కోసం నిలబడే తల్లి, ఇద్దరు డబ్బు వైపు చూసే తల్లులు. ఆ ఇద్దరిలో కూడా నాగమ్మ మీద మనకి జాలి మిగులుతుంది, రంగసాని మీద మిగలదు. వరసగా ఒక వారంలో ఈ మూడూ చూస్తే తప్ప ఇది కనిపించదు, విడివిడిగా ఎప్పుడో పండక్కి టీవీలో వస్తే చూసినప్పుడు నాకూ కనిపించలేదు. ఇంకో సంగతి, 1935లో సత్యభామగా వచ్చిన మనిషి 1951కల్లా పెళ్ళీడు కూతురికి తల్లి. పదహారేళ్ళు. అదే కాలంలో హీరోలకి ఏమైందో పక్కన రాసి చూడండి, నాకైతే ఆ పేజీ చూస్తే మనసు చివుక్కుమంటుంది. సంవత్సరాల గడి అందుకే కావాలి.

తెలంగాణ శకుంతల గారి విషయంలో గమనించాల్సింది మాట. మా భూమి లాంటి సినిమాతో మొదలైన మనిషి, 2003 ఒక్కడులో రాయలసీమ ఇంటి తల్లిగా ఎలా మాట్లాడారో వినండి. ఇలా ఒక్కో నటికి ఒక్కో వెతుకులాట ఉంటుంది, కొందరికి యాస, కొందరికి నడక, కొందరికి ఊరికే వింటూ కూర్చోవడం. డైలాగ్ లేకుండా పక్కన నిలబడి ఎదుటివాళ్ళ మాట వినడం ఎంత కష్టమో ఒక్కసారి అద్దం ముందు ప్రయత్నిస్తే తెలుస్తుంది.

పెద్దవాళ్ళని అడగడం గురించి ఒక మాట. "అమ్మమ్మా, ఈవిడ ఫలానా కదా?" అని అడగకండి, ప్రేమకొద్దీ అవునంటారు. ఫోన్‌లో సీను పెట్టి, పేరు చెప్పకుండా, "ఈవిడ ఎవరు? ఇంకెందులో చూశావు?" అనాలి. మా అమ్మమ్మకి కళ్ళు సరిగా కనపడని రోజుల్లో కూడా గొంతు విని చెప్పేది. నేను ఒకసారి ఒక నటి పేరు ముందే చెప్పేసి అడిగాను, సరేనంది, నేను పెన్నుతో రాసేసుకున్నాను, ఏడాది తర్వాత పాటల పుస్తకం దొరికితే ఆవిడ వేరే మనిషి. అప్పటికే అమ్మమ్మ లేదు, మళ్ళీ అడగడానికి వీల్లేకపోయింది. అందుకే లైబ్రరీల పని తర్వాత పెట్టుకుని ముందు ఇంట్లో పెద్దవాళ్ళ దగ్గర కూర్చోండి.

నటి గారు బతికే ఉంటే, కలిసే అవకాశం ఉంటే, చేతిలో చిట్టాతో వెళ్ళండి. "అమ్మా, మీరు ఎన్ని సినిమాలు చేశారు?" అంటే ఎవరైనా ఓ గుండ్రటి అంకె చెప్తారు, అది అబద్ధం కాదు, ఎవరు లెక్కపెట్టుకుంటారు? ఆ అంకె మీరు రాయకండి. మీ జాబితా చదివి వినిపించండి, ఒక పేరు వినగానే దాని పక్క సినిమా వాళ్ళకే గుర్తొస్తుంది. ఇప్పుడు ఎలా బతుకుతున్నారు, డబ్బులున్నాయా, పిల్లలు చూస్తున్నారా, ఇలాంటివి అడగొద్దు. ఈ నటులని పలకరించేవాళ్ళంతా కష్టాల గురించే అడుగుతారు, పని గురించి ఎవరూ అడగరు. ఆ సీను ఎన్ని టేకుల్లో అయింది, ఆ చీర మీదేనా, డైలాగ్ ఎవరు నేర్పారు అని అడిగి చూడండి, ముఖం ఎలా మారుతుందో. ఇంటి అడ్రసు, ఫోన్ నంబరు ఎక్కడా పెట్టకండి.

చిట్టా ఒక రూపానికి వచ్చాక తెలుగు వికీపీడియాలో చేర్చొచ్చు. అక్కడ మీ జ్ఞాపకం ఆధారంగా ఒప్పుకోరు, పత్రిక తేదీ, పేజీ అడుగుతారు, అందుకే ముందే రాసుకోమన్నాను. సినిమాలోంచి తీసిన స్క్రీన్‌షాట్లు అక్కడ ఎక్కించకండి, కాపీరైట్ ఇబ్బంది రావొచ్చు. పుట్టిన సంవత్సరం రెండు చోట్ల రెండు రకాలుగా ఉంటే మీరే ఒకటి తేల్చేయకుండా రెండూ రాసి ఏది ఎక్కడ ఉందో చెప్పండి. పెన్సిల్ లైన్లు మాత్రం మీ దగ్గరే ఉంచుకోండి, బయటికి వెళ్ళిన తప్పు పది చోట్లకి పాకుతుంది.

ఆ నటి కుటుంబానికి కూడా ఒక ప్రింటు ఇవ్వండి. పెద్ద అక్షరాల్లో, ఒక్కో సంవత్సరానికి ఒక్కో పేజీ, కింద సగం ఖాళీ వదిలి. పెన్సిల్ లైన్లు ఉన్నవి ఈ ప్రింటులో పెట్టొచ్చు, పక్కన ప్రశ్నార్థకం వేసి. వాళ్ళు దిద్ది తిరిగి పంపడానికి దాంతోపాటు ఒక పెన్ను, మీ అడ్రసు రాసి స్టాంపులు అంటించిన కవరు పెట్టండి.